చియాపాస్ నుంచే మొదలుపెట్టు తల్లీ

చి. ల. సౌ. అమ్మాయికి,

నాన్న ఆశీస్సులు. అల్లుడుగారు, పిల్లలు కులాసాగా ఉన్నారని తలుస్తాను. మేము క్షేమం. మీ అమ్మ కాళ్ల వాపు తగ్గింది. మెరిడా హోటల్లో మరిచిపోయి వచ్చిన టోపీ గురించి మాత్రం రోజూ ఒకసారి తలుచుకుంటోంది.

నువ్వు ఫోనులో అడిగిన సంగతికి వస్తాను. డిసెంబరు సెలవుల్లో బావగారిని, చెల్లెమ్మగారిని తీసుకుని మేము వెళ్లిన ఆగ్నేయ మెక్సికో యాత్రకే వెళ్లాలా, లేక కాన్‌కున్‌లో సముద్రం ఒడ్డున నాలుగు రోజులు కూర్చుని వచ్చేద్దామా అన్నావు. ఒడ్డున కూర్చోవడానికైతే విమానం ఎక్కడం ఎందుకు, హ్యూస్టన్ నుంచి కారులో గాల్వెస్టన్ వెళ్తే సరిపోతుంది. యాత్రకే వెళ్లండి. ఒక్క షరతు: కాన్‌కున్‌లో దిగి పడమటికి వెళ్లకండి. ముందు చియాపాస్ రాష్ట్రంలోని టుస్ట్లా గుటియెరెస్‌లో దిగి, కొండలు చూసుకుని, పలెంకే, కంపెచే, ఉష్మాల్, మెరిడా, చిచెన్ ఇట్జా మీదుగా తూర్పుకు రండి. సముద్రం చివర్లో ఎలాగూ వస్తుంది.

ఉద్యోగమంతా కాలువ గట్ల మీద గడిపినవాణ్ణి కాబట్టి నాకు అన్నీ నీళ్లలాగే కనిపిస్తాయని మీ అమ్మ దెప్పుతుంది. దెప్పనీ. కానీ ఆ ప్రాంతాన్ని నీళ్లను బట్టి చూస్తేనే అర్థమవుతుంది. పడమట నీళ్లు ఎక్కువై మనుషులు వాటిని వదిలించుకునే దారులు వెతికారు. తూర్పున భూమి మీద ఒక్క నది లేదు, అక్కడి వాళ్లు వాన చుక్కను దాచుకునే దారులు వెతికారు. ఇద్దరూ మాయాలే, అంటే అక్కడి ఆదివాసీ జాతివాళ్లే. ఈ వరసలో చూస్తే ప్రతి ఊరూ ముందు చూసిన ఊరికి జవాబు చెబుతుంది. తూర్పు నుంచి పడమటికి వెళితే రాళ్లు, మెట్లు, ఫొటోలు మిగులుతాయి.

మొదటి రోజు చియాపా దె కోర్సో రేవులో పడవ ఎక్కి సుమిదేరో లోయలోకి వెళ్తారు. గ్రిహాల్వా నది రెండు కొండగోడల మధ్య నుంచి పోతుంది. కొన్నిచోట్ల ఆ గోడల ఎత్తు వెయ్యి మీటర్ల దాకా ఉంటుంది. చిన్నవాడికి మొసళ్లు చాలు. మాకు కనిపించినది బురద గట్టు మీద నోరు తెరుచుకుని కదలకుండా పడుకుంది, బొమ్మేమోనని మీ అమ్మ వాదించింది, పడవ దగ్గరకు వెళ్లేసరికి నీళ్లలోకి జారింది. నాకు మాత్రం లోయ చివర ఉన్న చికోఅసేన్ ఆనకట్ట మీదే ధ్యాస. 1980లో పూర్తయింది. రాళ్లు, మట్టి పోసి కట్టిన కట్ట, ఎత్తు 260 మీటర్ల పైన. మన నాగార్జునసాగర్ రాతి కట్ట దాదాపు 125 మీటర్లు. దానికి రెట్టింపు ఎత్తున మట్టి, రాళ్లు పోసి నది నోరు మూశారంటే నాబోటివాడు లేచి నిలబడకుండా ఎలా ఉంటాడు? నిలబడ్డాను, పడవవాడు కూర్చోమని కేకవేశాడు. అది కట్టక ముందు ఆ లోయలో నీళ్లు రాళ్ల మీద సుడులు తిరుగుతూ దూకేవట, లోపలికి వెళ్లినవాళ్లందరూ తిరిగి వచ్చేవారు కాదట. ఇప్పుడు చంటిపిల్లలు కూడా పడవలో వెళ్తున్నారు. ఇంకొక మాట కూడా చెప్పాలి. వానల తర్వాత పై ఊళ్ల ప్లాస్టిక్ సీసాలన్నీ ఈ నీటిలోకే కొట్టుకొస్తాయి. మా పడవ ఒకచోట వాటి మధ్య నుంచే పోయింది. గైడు అప్పుడు అటు పక్క కొండ చూపించాడు, పాపం.

అక్కడి నుంచి సాన్ క్రిస్టోబాల్ కొండ మీదికి ఎక్కుతారు. ఊరు 2,200 మీటర్ల ఎత్తున ఉంటుంది. మెక్సికో అంటే ఎండ అనుకుని బావగారు స్వెట్టర్ మానేస్తారేమో, చెప్పు. రాత్రి పూట దుప్పటి రెండు మడతలు కావాలి. పక్కనే సాన్ హువాన్ చాముల అనే ఊరు. త్సోత్సిల్ భాష మాట్లాడే మాయాలది. వాళ్ల చర్చి లోపల ఫొటో తీయడం నిషేధం. ఫోను సంచిలో పెట్టేయమని చిన్నవాడికి ముందే చెప్పి ఉంచు. గైడు నచ్చజెప్పినా అక్కడివాళ్లు ఊరుకోరు.

లోపల బెంచీలు లేవు. నేలంతా పచ్చి పైన్ ఆకులు పరిచి ఉంటాయి, కాలు జారుతుంది, బావగారి చెయ్యి పట్టుకో. మీ అమ్మ గుమ్మం దగ్గర చెప్పులు విప్పబోతే గైడమ్మ వద్దని వారించింది. కుటుంబాలు నేల మీద కూర్చుని, కాస్త చోటులో ఆకులు పక్కకు తోసి, కొవ్వొత్తుల అడుగులు కరిగించి నేలకే అంటించి వరసలుగా వెలిగిస్తున్నాయి. సన్నవి ముందు, లావువి వెనక. గోడల పక్కన అద్దాల పెట్టెల్లో సెయింట్ల బొమ్మలు, కొన్నింటి మెడలో చిన్న చిన్న అద్దాలు. నల్ల ఉన్ని పావడా కట్టుకున్న ఒక ముసలమ్మ కోడిపెట్టను ఒక పిల్లవాడి తల చుట్టూ తిప్పుతూ త్సోత్సిల్‌లో గొణుగుతోంది. పక్కన కోలా సీసాలు, పోష్ అనే సారా. మీ అమ్మ చాలాసేపు అలాగే చూసి, "దిష్టి తీస్తోందండీ" అంది. గైడమ్మకు ఇంగ్లీషులో చెబితే, అనారోగ్యం తీయడమేనని ఒప్పుకుంది. ఆ చర్చిలో ఉన్నంతసేపు మా బృందంలోని ఒక పెద్దమనిషి "ఇది క్రైస్తవమా, కాదా" అని అడుగుతూనే ఉన్నాడు. అక్కడ కూర్చున్నవాళ్లకు ఆ ప్రశ్నతో పని ఉన్నట్టు నాకు కనిపించలేదు.

పలెంకే దారిలో మిసోల్ హా, అగువా అసూల్ జలపాతాలు చూపిస్తారు. రెండోదాని నీలం సున్నపురాయి వల్ల వచ్చింది. వానలు తగ్గితేనే ఆ రంగు, లేకపోతే మన కృష్ణ వరద నీళ్ల రంగే. ఆ కొండదారిలో వేగనిరోధకాలకు లెక్కే లేదు. ఒక్కొక్కసారి ఊళ్లవాళ్లు రోడ్డు ఆపేస్తారు, అప్పుడు బస్సులు చుట్టు తిరిగి వెళ్తాయి. చిన్నవాడికి వాంతుల మాత్ర ముందే వేయి.

ఇక పలెంకే. అడవిలో పాత మాయా నగరం, కొండ నుంచి వాగులు దిగుతూనే ఉంటాయి. చదునైన నేల తక్కువ. అందుకని కట్టినవాళ్లు ఒక వాగును రాతి కప్పు ఉన్న కాలువలోకి మళ్లించి పైన నేల చదును చేసుకున్నారు. రాజభవనం పక్కనే అది ఇప్పటికీ పారుతోంది. వంగి చూడు, రాళ్లు మెల్లగా పైకి దగ్గరవుతూ కప్పుగా కలుస్తాయి. మరోచోట కాలువను చివర్లో ఇరుకు చేశారు, అందువల్ల నీళ్లు ఒత్తిడితో బయటికి వచ్చేవని పరిశోధకులు లెక్కలు కట్టారు. కొలంబస్ రాకకు ఎన్నో వందల ఏళ్ల ముందు మాట ఇది.

శాసనాల గుడి కింద పాకల్ రాజు సమాధి ఉంది. 615లో పన్నెండేళ్ల పిల్లవాడిగా గద్దెనెక్కి 683లో పోయేదాకా ఏలాడు. అల్బెర్తో రూస్ అనే పురావస్తు శాస్త్రజ్ఞుడు గుడి నేలలో ఒక రాతిపలక ఎత్తి చూస్తే కిందికి మెట్లు కనిపించాయి. వాటిని నింపిన రాళ్లు, మట్టి తీయడానికే ఏళ్లు పట్టి, 1952లో సమాధి బయటపడింది. ఆ రాతిమూత మీది బొమ్మను చూపించి అంతరిక్షనౌక అని చెప్పే వీడియోలు చిన్నవాడు చూసే ఉంటాడు. ఆ బొమ్మలో రాజు పాతాళపు నోటి మీద వెనక్కి వాలి ఉంటాడు, అతని మీదుగా లోకవృక్షం లేస్తుంది. నౌక కన్నా అదే బాగుంది కదా అని చెప్పు. 2016లో ఆ గుడి కింద కూడా ఒక నీటికాలువ దొరికింది. అంటే రాజుగారిని నీటి దారి మీద పడుకోబెట్టారన్నమాట. సమాధిలోకి ఇప్పుడు వెళ్లనివ్వరు, పచ్చరాయి ముఖకవచం మెక్సికో నగరంలోని మ్యూజియంలో ఉంది.

కంపెచే గురించి పెద్దగా చెప్పను. సముద్రపు దొంగల భయంతో కట్టుకున్న కోటగోడ, రంగులు వేసిన ఇళ్లు, సాయంత్రం గాలి. పెద్దవాళ్లకు మంచి విశ్రాంతి.

అక్కడి నుంచి యుకతాన్ రాష్ట్రంలోకి బస్సు వెళ్తుంటే నేను కిటికీలోంచి ఒకటే వెతుకుతూ కూర్చున్నాను. గంటలు గడిచినా ఒక్క వంతెన రాలేదు. ఒక్క తూము కూడా లేదు. పడిన వానంతా సున్నపురాతి నేలలోకి ఇంకిపోయి కింద గుహల్లో పారుతుంది. ఆ గుహల కప్పు కూలిన చోట నీటి గుండం ఏర్పడుతుంది. వాటిని సెనోటేలు అంటారు. ఉష్మాల్ చుట్టూ నేల కాస్త ఎత్తు, నీళ్లు మరీ లోతు, అక్కడ గుండాలు కూడా లేవు. అయినా పెద్ద నగరం కట్టారు! ఎలాగంటే, ముంగిళ్లన్నీ వాలుగా గచ్చు చేసి, ఆ వాలు చివర రాతిలో నుయ్యి తొలిచారు. మెడ సన్నం, కడుపు వెడల్పు, లోపల సున్నపు పూత. చుల్తూన్ అంటారు. ఒకదాని నోటి దగ్గర నేను మోకాళ్ల మీద కూర్చుని గచ్చు అంచు తడిమి చూశాను. మన డంగు సున్నం పనివాడు చూస్తే మెచ్చుకునే నునుపు. ఇంతలో గైడు అందరినీ పిరమిడ్ వైపు తోలుకెళ్లాడు. మీరు వెళ్లినప్పుడు చుల్తూన్ చూపించమని గట్టిగా అడగండి, తమంతట తాము చూపించరు.

అక్కడి భవనాల గోడల నిండా చాక్ ముఖాలు. చాక్ అంటే వానదేవుడు, వంకర తిరిగిన పొడుగు ముక్కు. ఒకదాని మీద ఒకటి, మూలమూలనా. వానలు దంచికొట్టే పలెంకేలో రాజుల ముఖాలు చెక్కుకున్నారు, చుక్క నీరు లేని ఉష్మాల్‌లో వానదేవుడి ముఖాలు చెక్కారు. వరస మార్చవద్దని నేను పట్టుబట్టేది ఇందుకే. తొమ్మిది, పది శతాబ్దాల్లో ఈ నగరాలు ఖాళీ అయ్యాయి. కారణాల్లో కరువు కూడా ఉందని చెరువుల అడుగు మట్టి, గుహల్లో గడ్డకట్టిన సున్నం పరీక్షించి చెబుతున్నారు.

చిచెన్ ఇట్జాలో జనం ఎక్కువ, అమ్మకాలు ఎక్కువ. చిరుతపులి లాంటి జాగ్వార్‌లా అరిచే ఈల ఒకటి అమ్ముతారు, దయచేసి చిన్నవాడికి కొనకు. కుకుల్కాన్ పిరమిడ్ ఎక్కనివ్వరు, బావగారి మోకాళ్లకు అదే మేలు. నాలుగు వైపులా 91 చొప్పున మెట్లు, పైన ఒకటి, మొత్తం 365. పొద్దున్నే గేటు తెరిచే వేళకు చేరితేనే అందం. అక్కడ పవిత్ర గుండంలో బంగారం, పచ్చరాళ్లు, మనుషుల ఎముకలు కూడా దొరికాయి. కానీ తాగునీటికి ష్తోలోక్ అనే వేరే గుండం ఉండేదట. ఇంత తెలివిగా ఏర్పాటు చేసుకున్నవాళ్లంటే నాకు గౌరవం.

వయ్యదోలిద్ దగ్గర ఒక గుండంలో స్నానం చేయిస్తారు. దిగే ముందు షవర్ కింద నిలబెట్టి ఒంటికి రాసుకున్న క్రీములు కడిగిస్తారు. సరైన పనే. ఆ నీళ్లే అందరూ తాగేవి. ఆ గుహల మీదుగానే ఇప్పుడు మాయా రైలు అనే రైలుమార్గం వేశారు, తూర్పు భాగంలో కొన్ని స్తంభాలు గుహల కప్పులోంచే దిగాయి. నాకు రైళ్లంటే ఇష్టమే, కానీ ఆ అలైన్‌మెంట్ నా ముందుకు వస్తే సంతకం పెట్టేవాణ్ణి కాదు.

చెల్లెమ్మగారి భోజనం విషయం జాగ్రత్త. రాజ్మా లాంటి నల్ల చిక్కుడు గింజలు శాకాహారమే అని వడ్డిస్తారు, పంది కొవ్వుతో తాలింపు పెట్టి ఉంటారు. "మాంసం లేదు కదా" అని అడిగితే లేదనే అంటారు, "మంతేకా వేశారా" అని అడగాలి. మెరిడాలో సికిల్ పాక్ అడగండి. వేయించిన గుమ్మడి గింజలు, నిప్పుల మీద కాల్చిన టమాటా, మిరపకాయ కలిపి నూరుతారు, అచ్చం మన రోటి పచ్చడి. మీ అమ్మ హోటల్లో గిన్నె ఖాళీ చేసి, అబనేరో మిరపకాయను తక్కువ అంచనా వేసి, రెండు గ్లాసుల మజ్జిగ కోసం వెతికింది. అక్కడ మజ్జిగ దొరకదు. బజారులో ఎర్రటి ముద్దలు కనిపిస్తాయి, అవి జాఫ్రా గింజలు నూరినవి. మన విశాఖ మన్యంలో పండేదే, పుట్టిల్లు అమెరికా ఖండం. అలాగే దారిలో సపోటా చెట్ల మొద్దుల మీద వంకరటింకర గాట్లు చూడు, చూయింగ్ గమ్‌కు పాలు తీసిన పాత గుర్తులు.

పెద్దవాళ్ల అమెరికా వీసా చెల్లుబాటులో ఉంటే మెక్సికోకు వేరే వీసా అక్కర్లేదు. మేము అలాగే వెళ్లాం. మా టూరు కంపెనీవాళ్లు వెండి దుకాణాల్లో కూర్చోబెట్టిన సమయంతో మరో ఊరు చూసి ఉండవచ్చు. అందుకని డబ్బు కట్టే ముందు రోజువారీ కార్యక్రమం నాకు పంపించు. ఉష్మాల్‌కు సగం పూటే రాసి, దుకాణానికి గంట రాసి ఉంటే నేనే ఫోను చేసి మాట్లాడతాను. అల్లుడుగారు మొహమాటస్థుడు, ఆయన వల్ల కాదు.

మెరిడా హోటలు పేరు వెనక పేజీలో రాశాను. అక్కడే దిగితే టోపీ సంగతి అడుగు, గడ్డిది, నీలం రిబ్బను.

బావగారికి, చెల్లెమ్మగారికి నమస్కారాలు. పిల్లలకు ముద్దులు.

ఇట్లు,
నాన్న