సంఘం ఎన్నికల తగాదా తీర్చేదెవరు? కార్మిక మంత్రికి బహిరంగ లేఖ

తెలంగాణ కార్మిక శాఖ మంత్రి శ్రీ గడ్డం వివేక్ వెంకటస్వామి గారికి నమస్కారం.

మీరు గెలిచిన చెన్నూరు బొగ్గుబావుల ప్రాంతం. సంఘం ఎన్నికలంటే ఎంత వేడిగా ఉంటాయో మీకు ఒకరు చెప్పనక్కర్లేదు. సింగరేణిలో కార్మికుల తరఫున మాట్లాడే సంఘం ఏదో తేల్చే గుర్తింపు ఎన్నికలు 2017 తర్వాత మళ్లీ జరగడానికి 2023 డిసెంబరు 27 దాకా ఆగాల్సి వచ్చింది. మధ్యలో హైకోర్టు మెట్లూ ఎక్కారు. అయినా చివరికి కేంద్ర కార్మిక శాఖ అధికారులు పోలింగు పెట్టి, ఓట్లు లెక్కించి, ఎవరు గెలిచారో చెప్పారు. నేను రాస్తున్నది సంఘాల మధ్య అలాంటి పోటీ గురించి కాదు, ఒకే సంఘం లోపల పుట్టే తగాదా గురించి.

వరంగల్ శివారులోని మా ఫ్యాక్టరీలో ఒకే ఆదివారం రెండు సర్వసభ్య సమావేశాలు జరిగాయి. ఒకటి క్యాంటీన్ షెడ్డులో, ఇంకొకటి ఫంక్షన్ హాలులో. ఇద్దరు అధ్యక్షులు, ఇద్దరు కోశాధికారులు తేలారు. తీర్మానాల పుస్తకం ఒక వర్గం చేతిలో, రబ్బరు ముద్ర ఇంకో వర్గం చేతిలో ఉండిపోయాయి. ముద్ర లేనివాళ్లు కొత్తది చేయించుకున్నారు. అది పాతదానికన్నా కాస్త పెద్దది. పుస్తకం లేనివాళ్లు కొత్త పుస్తకం కొన్నారు. అందులో సంతకాలు పెట్టినవారిలో అప్పటికే రిటైరైన వాళ్లూ ఉన్నారు. బ్యాంకు ఖాతా ఆపేసింది. చనిపోయిన సభ్యుడి కుటుంబానికి ఇవ్వాల్సిన సాయం అందులోనే చిక్కుకుంది. ‘ముందు మీలో అసలు ఎవరో తేల్చుకుని రండి’ అని యాజమాన్యం వేతన చర్చలు వాయిదా వేసింది. దానికి కావలసింది కూడా అదే.

రెండు వర్గాలూ తమ కార్యవర్గం జాబితాను కార్మిక శాఖకు ఇచ్చాయి. రెండూ ఒకే ఫైలులో, ఒకే దారానికి గుచ్చి ఉన్నాయి. అక్కడి ఉద్యోగులను తప్పుపట్టను. 1926 నాటి ట్రేడ్ యూనియన్ల చట్టం రిజిస్ట్రారుకు పేర్లు నమోదు చేసే పనే ఇచ్చింది గానీ, గెలుపోటములు తేల్చే అధికారం ఇవ్వలేదు. న్యాయస్థానాలూ ఆ మాటే చెబుతూ వచ్చాయి. మిగిలింది సివిల్ కోర్టు. 2001 సవరణ ప్రకారం కార్యవర్గం పదవీకాలం మూడేళ్లకు మించకూడదు. సివిల్ దావా నడక తెలిసినవారెవరైనా చెబుతారు, తీర్పు వచ్చేనాటికి కొట్లాడుకున్న ఆ పదవి గడువే తీరిపోతుంది.

2025 నవంబరు 21న అమల్లోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్ అనే కొత్త కేంద్ర చట్టం ఈ దారి మార్చింది. 22వ సెక్షన్ కింద సభ్యుడే నేరుగా పారిశ్రామిక వివాదాలు తేల్చే ట్రిబ్యునల్‌కు దరఖాస్తు పెట్టుకోవచ్చు. సంఘం ఎన్నికలు, నిర్వహణ, రిజిస్ట్రేషన్, సభ్యత్వ నిరాకరణ, అన్నీ అక్కడికే. ఈ కోడ్‌లో సమ్మెల మీద పెట్టిన ఆంక్షలపై నాకు చాలా కోపం ఉంది గానీ, ఈ ఒక్క సెక్షన్ మాత్రం మేలే.

చిక్కు ఎక్కడంటే, అదే సెక్షన్ సివిల్ కోర్టు తలుపు మూసేసింది. పైగా సంఘం రిజిస్టర్డ్ ఆఫీసు ఏ ప్రాంతంలో ఉంటే ఆ ప్రాంతపు ట్రిబ్యునల్‌కే వెళ్లాలంది. మా దగ్గర చాలా సంఘాల చిరునామా హైదరాబాదే. మా సంఘానిదీ అంతే. ఎప్పుడో ఒక నాయకుడి సౌకర్యం కోసం రాయించిన చిరునామా అది. నిన్నటిదాకా హనుమకొండ కోర్టులో నడవగలిగిన కేసుకు ఇప్పుడు షిఫ్టు మానుకుని, కూలి పోగొట్టుకుని రైలెక్కాలి. ఆ ఖర్చు పెట్టుకోగల వర్గం ఏదో వేరే చెప్పాలా?

దరఖాస్తు ఎలా పెట్టాలన్నది నిబంధనల్లో రాసుకొమ్మని చట్టం వదిలేసింది. మా వంటి ప్రైవేటు ఫ్యాక్టరీలకు ఆ నిబంధనలు రాసేది మీ ప్రభుత్వమే. కాబట్టి దరఖాస్తు నమూనా తెలుగులో పెట్టండి, ప్లీడరు లేకున్నా నింపుకోగలిగేలా. విచారణకు గడువు పెట్టండి. తొంభై రోజులు చాలు, ఇందులో చూడాల్సినవి సభ్యుల జాబితా, నోటీసు, ఓట్ల లెక్క మాత్రమే. నెలకోసారైనా వరంగల్‌లో క్యాంపు పెట్టి ఈ కేసులు వినే ఏర్పాటు చేయండి.

అన్నిటికన్నా ముందు, కేసు నడిచినన్నాళ్లు తీర్మానాల పుస్తకం, సభ్యత్వ రిజిస్టరు, ముద్ర కార్మిక అధికారి బీరువాలో ఉండాలి. ఖాతాలోంచి మరణ సాయం వంటివి ఆ అధికారి సంతకంతో చెల్లించే వీలుండాలి. ఎవరు అధ్యక్షుడో తర్వాత తేలినా ఫరవాలేదు, ఆ కుటుంబానికి డబ్బు ఈ నెలలో కావాలి.

ఇట్లు,
వరంగల్ ఫ్యాక్టరీ కార్మికుడు