ఇటలీ మూకీలను పూర్తిగా చూపించండి

సంపాదకులకు,

అయ్యా,

ప్రపంచ సినిమా చరిత్ర పేరుతో మన కళాశాలల్లో జరిగే ప్రదర్శనల్లో ఇటలీ మూకీలకు దక్కుతున్నది నాలుగైదు నిమిషాల ముక్క. అదీ కెమెరా జిమ్మిక్కులకు ఉదాహరణగా! ఇది ఆ చిత్రాలకూ, విద్యార్థులకూ అన్యాయం.

ఇటలీ మహాకవి డాంటే రాసిన 'డివైన్ కామెడీ' కావ్యంలోని నరకఖండాన్ని మిలానో ఫిల్మ్స్ సంస్థ తెరకెక్కించిన 'లిన్‌ఫెర్నో' 1911లో నేపుల్స్‌లో విడుదలైంది. చిన్న చిత్రాలే రివాజుగా ఉన్న ఆ రోజుల్లో దాని నిడివి గంటకు పైనే. హేలియోస్ అనే మరో సంస్థ అదే కథను హడావుడిగా తీసి ముందే విడుదల చేసిందంటే కావ్యానికి ఎంత గిరాకీ ఉండేదో ఊహించవచ్చు. ఆ కావ్యానికి ఫ్రెంచ్ చిత్రకారుడు గుస్తావ్ డోరే వేసిన బొమ్మలను ముందు పెట్టుకుని మిలానో వాళ్లు దృశ్యాలు కూర్చారు. తెగిన తలను లాంతరులా పట్టుకుని నిలిచిన బెర్ట్రాన్, గాలిలో కొట్టుకుపోయే ప్రేమికులు పావోలో, ఫ్రాంచెస్కా, పాపిని నమిలే సైతాను లూసిఫర్ అలా పుట్టినవారే. నరకంలో ఒక్కో వలయం దాటుతూ, దారి చూపే ప్రాచీన రోమన్ కవి వర్జిల్ వెంట డాంటే కిందికి దిగడమే ఆ కావ్యానికి ప్రాణం. ముక్క చూసినవారికి లూసిఫర్ కనిపిస్తాడు, ఆ ప్రయాణం కనిపించదు.

1913లో మంజోని నవల 'ఇ ప్రొమెస్సి స్పోజి'ని రెండు సంస్థలు పోటాపోటీగా తీశాయి. అయితే నా మనసును ఎక్కువగా పట్టుకున్నది 1916 నాటి 'చేనెరే'. ఇటలీ రచయిత్రి గ్రాత్సియా దెలెద్దా నవల ఆధారంగా తీసినది అది. ఆమెకు నోబెల్ ఆ తరువాత వచ్చింది. యూరప్ రంగస్థలాన్ని ఏలిన ఎలియొనోరా దూజె నటించిన ఏకైక చిత్రం. కొడుకు బాగుండాలని వాడికి దూరమైన తల్లి పాత్ర. అప్పటి నటీమణుల్లా ఆమె కళ్లు పెద్దవి చేయదు, గుండెలు బాదుకోదు. తల వంచుకుని, ముఖం పక్కకు తిప్పుకుని, చేతులతోనే దుఃఖమంతా చెబుతుంది. నటన నేర్చుకునే పిల్లలకు ఇంతకంటే మంచి పాఠం నాకు తెలియదు.

భాష అడ్డమనే సాకు చెల్లదు. మూకీల కాలంలో మన హాళ్లలో తెర పక్కన ఒక మనిషి నిలబడి తెర మీద వచ్చే అక్షరాలు చదివి, కథ వివరించేవాడు. రఘుపతి వెంకయ్య నిర్మించిన మూకీ 'భీష్మ ప్రతిజ్ఞ' ప్రతి మిగలలేదు కనుక దాన్ని ఇప్పుడు చూడలేం గానీ, ఆ చదివే పద్ధతిని మళ్లీ తెచ్చుకోవడం మన చేతుల్లోనే ఉంది. విశ్వవిద్యాలయాల సినిమా, రంగస్థల శాఖలు ఈ చిత్రాల్లో దృశ్యాల మధ్య వచ్చే అక్షరాలకు తెలుగు పాఠం తయారు చేయించి, విద్యార్థులచేత హాలులో చదివించాలి. 'చేనెరే'తో మొదలుపెట్టవచ్చు. ఒక్క తరగతి సమయంలోనే పూర్తవుతుంది.

- ఒక పాఠకురాలు, గుంటూరు