ఒంట్లో మిగిలిన ముక్కకు కాగితం మీద చోటేది?

సంపాదకులకు నమస్కారం.

ఎనిమిదేళ్లుగా హైదరాబాద్‌లో మెడికల్ కోడర్‌గా పనిచేస్తున్నాను. అమెరికా ఆసుపత్రుల్లో డాక్టర్లు రాసిన నోట్సు చదివి, ప్రతి జబ్బుకూ, ప్రతి చికిత్సకూ తగిన కోడ్ (అక్షరాలూ అంకెలూ కలిసిన గుర్తు) వేయడం నా ఉద్యోగం. అమీర్‌పేటలో ఈ కోర్సు నేర్పే సంస్థల బోర్డులు చూడనివారు ఉండరు. మన పిల్లలు వేలమంది ఇదే పనిలో ఉన్నారు. మేము రోజూ ఎక్కడో ఉన్న రోగుల కోసం చేసే పని, పక్క వీధిలో డయాలసిస్ చేయించుకునే మనవాళ్లకు ఎందుకు అందడం లేదని అడగడానికే ఈ ఉత్తరం.

ముందు మా ఇంట్లో జరిగింది చెబుతాను. నాన్నకు రెండు కిడ్నీలూ పాడయ్యాయి. వారానికి రెండుసార్లు డయాలసిస్. చేతిలో ధమనినీ సిరనూ కలిపే ఫిస్టులా ఆపరేషన్ చేసి, అది సూదులకు సిద్ధమయ్యేదాకా మెడలోని సిరలోకి, ఛాతీ మీద చర్మం కింది నుంచి పర్మ్‌క్యాత్ అనే ట్యూబు పెట్టారు. ఫిస్టులా పనిచేయడం మొదలయ్యాక ఆ ట్యూబు తీసేశారు. పది నిమిషాల పని. రెండు నెలలు తిరిగేసరికి అదే చోట వాపు, రసి కారడం, సాయంత్రమైతే చలిజ్వరం. మందులు మూడుసార్లు మార్చారు, తగ్గినట్టే తగ్గి మళ్లీ వచ్చేది. చివరికి మరో సర్జన్ అక్కడ చిన్న గాటు పెట్టి, లోపల దొరికినదాన్ని గాజుగుడ్డ మీద పెట్టి నాకు చూపించారు. గోరంత ఉంది. తడిసిన ఉన్ని ఉంగరంలా, ఒక అంచు చిరిగి ఉంది. "ఇది ట్యూబుకు ఉండే కఫ్ అమ్మా. దాంతోపాటే బయటికి రావలసింది, లోపలే ఉండిపోయింది" అన్నారు.

ఆ కఫ్ ఎందుకుంటుందో ఆ రోజే వివరంగా తెలుసుకున్నాను. ట్యూబు జారిపోకుండా, చర్మం మీది క్రిములు దాని వెంట లోపలికి పాకకుండా చుట్టూ ఒక పట్టీ అతికించి తయారు చేస్తారు. కొన్ని వారాల్లో మన కండ ఆ పట్టీలోకి అల్లుకుపోతుంది. ట్యూబును గట్టిగా పట్టి ఉంచేది ఆ అల్లికే. అందుకే తీసేటప్పుడు చుట్టూ నెమ్మదిగా విడదీయాలి. ఊరికే పట్టి లాగితే ట్యూబు వచ్చేస్తుంది, కఫ్ లోపల ఉండిపోవచ్చు. ఒక్కోసారి దాన్ని కదపకుండా వదిలేయడమే మేలని డాక్టర్లు ఆలోచించి నిర్ణయిస్తారు, అందులో తప్పు లేదు. కానీ అలా వదిలినప్పుడు రోగికి చెప్పాలి, కేసు షీటులో రాయాలి. మాకు ఎవరూ చెప్పలేదు, ఎక్కడా రాయలేదు.

అంతకంటే నన్ను బాధపెట్టింది డిశ్చార్జి కాగితం. ఛాతీ మీద చీముగడ్డ అని, శుభ్రం చేశామని, రోగి నిలకడగా ఉన్నాడని అందులో ఉంది. కఫ్ అన్న మాటే లేదు. ప్రభుత్వ ఆరోగ్య పథకం వారి ప్యాకేజీ కోడ్ మాత్రం ఉంది. అది చేసిన పనికి ఎంత డబ్బు ఇవ్వాలో చెప్పే కోడ్, ఏం జరిగిందో చెప్పేది కాదు. నా కళ్లతో చూసిన ఆ ముక్క ప్రభుత్వం దృష్టిలో లేనే లేదు.

నేను పనిచేసే అమెరికా పద్ధతిలో దీనికి ప్రత్యేకంగా ఒక వరుసే ఉంది. చికిత్స తర్వాత పొరపాటున ఒంట్లో మిగిలిపోయిన వస్తువుల వల్ల వచ్చే ఇబ్బందులన్నీ టి81.5 కింద వస్తాయి. ఐదో అక్షరం ఏ ఇబ్బందో చెబుతుంది: లోపలి భాగాలు ఒకదానికొకటి అతుక్కుపోయాయా, దారి మూసుకుపోయిందా, రంధ్రం పడిందా, మరొకటా అని. ఆరో అక్షరం అది ఏ పనిలో మిగిలిందో చెబుతుంది. డయాలసిస్‌లో అయితే 2, ట్యూబు వేసేటప్పుడైతే 6, తీసేటప్పుడైతే 7. చివరి అక్షరం ఆ ఇబ్బందికి ఇప్పుడే చికిత్స జరుగుతోందా (అయితే ఎ), చికిత్స ముగిశాక కోలుకునే దశలో చూస్తున్నారా అన్నది.

ఆ ఆరో అక్షరం దగ్గరే అసలు విషయం ఉంది. డయాలసిస్ రోగి, డయాలసిస్ ట్యూబు కదా అని తొందరపడి 2 వేస్తే టి81.592ఎ అవుతుంది. తప్పు యంత్రం దగ్గర, టెక్నీషియన్ చేతిలో జరిగినట్టు లెక్కకెక్కుతుంది. మా నాన్న విషయంలో కఫ్ మిగిలింది ట్యూబు తీసిన రోజు, కాబట్టి నా చదువు ప్రకారం అది టి81.597ఎ. ఒక్క అంకె తేడా. 7 ఎక్కువగా వస్తే తీసేవారికి శిక్షణ కావాలని అర్థం. 6 ఎక్కువగా వస్తే పెట్టే గదిలో గైడ్‌వైరు లెక్క చూడాలని అర్థం. సన్నని తీగను ముందు సిరలోకి పంపి, దాని మీదుగా ట్యూబు ఎక్కించి, తర్వాత తీగను బయటికి లాగేయాలి. పెట్టే మనిషి ఒక్క క్షణం ఏమరుపాటుగా దాని కొస వదిలేస్తే అది సిరలోకి జారి గుండె దాకా వెళ్లగలదు. తీగ బయటికి వచ్చిందా అన్నది పక్కనున్న నర్సు గట్టిగా చెప్పి, కాగితం మీద టిక్కు పెట్టడానికి అర నిమిషం కూడా పట్టదు.

ఇదంతా అమెరికా గొడవ, మనకెందుకని అనేవారు ఉంటారు. మన దేశం వాడుతున్న ప్రపంచ ఆరోగ్య సంస్థ వారి జబ్బుల పదో వర్గీకరణకు ఆమోదం దొరికింది 1990లో. అందులోనూ టి81.5 ఉంది, దానికి తోడుగా ఏ పనిలో పొరపాటు జరిగిందో చెప్పే వై61 వరుస ఉంది. డయాలసిస్‌కు వై61.2, ట్యూబు వేయడానికి వై61.6, తీయడానికి వై61.7. అవే అంకెలు. ప్రైవేటు బీమా క్లెయిమ్ ఫారంలో ఆసుపత్రి నింపాల్సిన భాగంలో ఈ కోడ్‌లకు గళ్లు ఎప్పటినుంచో ఉన్నాయి. 2016లో కేంద్రం ఇచ్చిన ఎలక్ట్రానిక్ ఆరోగ్య రికార్డుల ప్రమాణాల్లోనూ ఈ వర్గీకరణను వాడాలనే ఉంది. గళ్లు ఉన్నాయి, నింపగల పిల్లలు మన నగరంలోనే ఉన్నారు. కొరత ఆ వాక్యం రాసే కలానిదే. మా వృత్తిలో మొదటి నియమం ఇది: వచ్చిన ఇబ్బందికీ చేసిన చికిత్సకూ సంబంధం ఉందని డాక్టర్ రాయాలి, మేము ఊహించి వేయకూడదు. డాక్టర్ రాయకపోతే ప్రపంచంలో ఎంత గొప్ప కోడరైనా చేయగలిగింది లేదు.

అమెరికాలో అంతా సవ్యంగా ఉందని నేను అనను. అయితే 2008 అక్టోబరు 1 నుంచి అక్కడ ముఖ్యంగా వృద్ధులకు ప్రభుత్వం నడిపే బీమా, మెడికేర్, ఒక పని చేసింది. ఆపరేషన్ తర్వాత వస్తువు లోపల మిగిలిపోవడం వంటి కొన్ని హానులు ఆసుపత్రిలో చేరాకే జరిగితే, వాటి వల్ల పెరిగే అదనపు బిల్లు కట్టనంది. చేరేటప్పటికే ఆ ఇబ్బంది ఉందా లేదా అన్నది ఒక్క అక్షరంతో కోడ్ పక్కన రాయాలి. ఆ నియమం ఆసుపత్రిలో చేరిన రోగులకే వర్తిస్తుంది, బయటి డయాలసిస్ కేంద్రాలకు కాదు. అంతమాత్రమే అయినా, ఆ అక్షరం వేసే ముందు మా డెస్కుల దగ్గర ఎంత జాగ్రత్త పడతామో నాకు తెలుసు. మా నాన్న కఫ్ తీసినందుకు మాత్రం ప్యాకేజీ డబ్బు మామూలుగానే వెళ్లింది. మరొకరు మిగిల్చిన వస్తువును తీయడానికి మన పన్నుల డబ్బు ఖర్చయిందని ఆ లెక్కలో ఎక్కడా కనిపించదు.

డాక్టర్లు ఎందుకు రాయరో కూడా నాకు అర్థమవుతుంది. రాస్తే కేసు, పత్రికలో పేరు, ఆసుపత్రి ముందు గొడవ. ఆ భయం ఉత్తది కాదు. కానీ రాయకపోవడం ఎవరినీ కాపాడలేదు. ఔరంగాబాద్ ప్రభుత్వ ఆసుపత్రిలో 1963లో ఒక బాలింత కడుపులో తువ్వాలు మరిచిపోయారు, ఆమె చనిపోయింది. అచ్యుతరావ్ ఖోడ్వా కేసుగా అది సుప్రీంకోర్టు దాకా వెళ్లి, 1996లో గానీ తేలలేదు. ముప్పై మూడేళ్లు. మరోవైపు 2005లో జేకబ్ మాథ్యూ కేసులో అదే కోర్టు, మరో నిపుణుడైన డాక్టర్ అభిప్రాయం లేకుండా డాక్టర్ల మీద క్రిమినల్ కేసులు నడపరాదని చెప్పింది. డాక్టర్లకు ఆ రక్షణ ఉండాలి. జరిగింది దాచకుండా రాసినవారికి మరింత ఉండాలి. కోడ్ అనేది నేరారోపణ కాదు, లెక్క. మేము రోజుకు ఎన్నో వేస్తాం, వాటిలో ఒక్కదానిలోనూ డాక్టర్ పేరు ఉండదు.

కిడ్నీ రోగులకు మన ప్రభుత్వాలు చేస్తున్నది తక్కువేమీ కాదు. 2007లో ఆరోగ్యశ్రీ వచ్చింది, 2016లో జాతీయ డయాలసిస్ కార్యక్రమం ప్రకటించారు, ఉద్దానం రోగుల కోసం పలాసలో 2023 డిసెంబరులో రెండు వందల పడకల కిడ్నీ ఆసుపత్రి ప్రారంభమైంది. అవి లేకపోతే మాలాంటి ఇళ్లు నిలబడేవి కావు. అందుకే రెండు రాష్ట్రాల ఆరోగ్య ట్రస్టులను చేతులు జోడించి అడుగుతున్నాను. డయాలసిస్ ట్యూబు పెట్టిన రోజు, తీసిన రోజు రోగి చేతికి ఒక చీటీ ఇప్పించండి: తీగ పూర్తిగా వచ్చిందా, ట్యూబు మొత్తం వచ్చిందా, కఫ్ వచ్చిందా వదిలారా అని. డిశ్చార్జి కాగితం మీద టి81.5కూ, వై61కూ గళ్లు పెట్టి, అవి నింపకపోతే క్లెయిమ్ ముందుకు కదలకుండా చేయండి. మిగిలిన వస్తువు తీసే ఖర్చు రోగి కార్డు పరిమితిలోంచి పోకూడదు. ఏటా ఆ లెక్క, ఆసుపత్రుల పేర్లు లేకుండానైనా సరే, బయటపెట్టండి.

నాన్న ఇప్పుడు బాగానే ఉన్నారు. ఛాతీ మీద రెండో మచ్చ మొదటిదానికి ఆనుకునే ఉంది. వచ్చే మంగళవారం ఆయనను డయాలసిస్‌కు దించాక, ఆ డిశ్చార్జి కాగితం పట్టుకుని మొదటి ఆసుపత్రికి మళ్లీ వెళ్తాను. ట్యూబు తీసిన నాటి నోట్సులో కఫ్ గురించి ఒక్క వాక్యం చేర్చి, సంతకం చేసి ఇవ్వమని అడగడం ఇది మూడోసారి.

భవదీయురాలు,
ఒక మెడికల్ కోడర్, డయాలసిస్ రోగి కూతురు,
హైదరాబాద్
(పేరు ప్రచురించవద్దని మనవి)