పరిహారం లెక్కలో ఆదాయమే అసలు తగవు

సంపాదకులకు,

రోడ్డు ప్రమాదంలో మనిషి చనిపోతే కుటుంబానికి ఎంత పరిహారం వస్తుందన్నది జడ్జిగారి దయ మీదో, వకీలు గారి మాటకారితనం మీదో ఆధారపడి ఉంటుందని మన జిల్లాలో ఇప్పటికీ చాలామంది అనుకుంటారు. నిజానికి లెక్క కట్టే పద్ధతిని సుప్రీంకోర్టు 2009లో సరళా వర్మ కేసులోనూ, 2017 అక్టోబరు 31న ప్రణయ్ సేథీ కేసులోనూ చాలావరకు ఖరారు చేసింది. మృతుడి ఏడాది ఆదాయానికి ముందుముందు పెరగగల సంపాదనను కలిపి, అతని సొంత ఖర్చుల కింద కొంత తీసేసి, మిగిలినదాన్ని వయసును బట్టి నిర్ణయించిన గుణకంతో గుణిస్తారు. గుణకం మీద పెద్దగా పేచీ లేదు. పేచీ అంతా ఆదాయం దగ్గరే.

చీమకుర్తి క్వారీలో పనిచేసే 34 ఏళ్ల మనిషి మీద భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి ఆధారపడి ఉన్నారనుకుందాం. నెలకు 15,000 రూపాయలు సంపాదించేవాడని రుజువైతే ఏడాదికి 1,80,000 అవుతుంది. నలభై లోపు వయసు, పర్మనెంటు ఉద్యోగం కాదు గనుక 40 శాతం కలిపితే 2,52,000. ఆధారపడినవారు నలుగురు గనుక నాలుగో వంతు తీసేస్తే 1,89,000. ఆ వయసు గుణకం 16తో గుణిస్తే 30,24,000 రూపాయలు. ఆధారాలు లేవని అదే మనిషి ఆదాయాన్ని నెలకు 8,000గా తీసుకుంటే వచ్చేది 16,12,800 మాత్రమే. నెలసరి ఆదాయంలో వెయ్యి రూపాయలు తగ్గిన ప్రతిసారీ ఆ ఇంటికి రెండు లక్షలకు పైగా పోతోందన్నమాట. అంత్యక్రియల ఖర్చు వంటి మిగతా పద్దులు దీంతో పోలిస్తే చిన్నవే కాబట్టి వాటి గురించి వాదులాడి ఒరిగేది తక్కువ.

ఇంత విలువైన అంకె మన దగ్గర ఎలా తేలుతోందో చూడండి. ప్రమాదం జరిగిన రాత్రి స్టేషనులో రాసుకునే ఫిర్యాదులో ‘కూలి పని’ అని ఒక్క ముక్క పడుతుంది. రొయ్యల చెరువు కాపలా, పొగాకు గ్రేడింగు, క్వారీ డ్రిల్లింగు, కోవూరు వైపు వరి నాట్ల ముఠా, అన్నీ ఆ ఒక్క ముక్కలో కలిసిపోతాయి. పనిచేసిన రోజులు మేస్త్రీ జేబు పుస్తకంలో గీతలుగా ఉంటాయి. సీజను అయిపోయి లెక్క తీరాక ఆ పుస్తకం ఎవరూ దాచరు. ఈమధ్య చాలామంది మేస్త్రీలు వారం కూలి ఫోన్‌పేలో వేస్తున్నారు గనుక రుజువు చూపడం నిజానికి మునుపటికన్నా తేలిక. ఫోను పగిలిపోయినా, సిమ్ము ఆగిపోయినా ఆ జమలు ఖాతాలో ఉంటాయి. బ్యాంకులో పనిచేసినవాణ్ణి కాబట్టి చెబుతున్నాను, వారసులు మరణ ధ్రువపత్రంతో వెళ్లి ఆ ఖాతా స్టేట్‌మెంటు అడగవచ్చు. ఈ సంగతి వాళ్లకు చెప్పే నాథుడే లేడు.

వయసు విషయంలోనూ ఇదే నిర్లక్ష్యం. మన పల్లెల్లో ఎంతోమంది ఆధార్ కార్డుల్లో పుట్టినరోజు జనవరి 1 అనే ఉంటుంది, సంవత్సరం కూడా ఉజ్జాయింపే. 39 అని ఉండాల్సిన చోట 41 పడితే గుణకం 15 నుంచి 14కు, కలపాల్సిన శాతం 40 నుంచి 25కు తగ్గి, మొత్తంలో ఆరో వంతు పోతుంది. పుట్టిన తేదీకి ఆధార్ రుజువు కాదనీ, బడి సర్టిఫికెట్‌ను లెక్కలోకి తీసుకోవచ్చనీ సుప్రీంకోర్టు 2024లో చెప్పింది. బడి మొహం చూసినవారందరికీ ఇది పనికొస్తుంది.

ఆడవాళ్ల సంగతి మరీ అన్యాయం. ఇంటి పనికి కూడా ఆదాయం లెక్కగట్టాలని 2021లో కీర్తి కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. టంగుటూరు ప్రాంతంలో తెల్లవారుజామునే ఇంటి పని ముగించుకుని గ్రేడింగుకు ఆటోలో వెళ్లే మనిషి రెండు పనులూ చేస్తోంది. ఆ ఆటో బోల్తాపడి ఆమె చనిపోతే కాగితాల్లో మాత్రం ‘గృహిణి’ అనో ‘కూలి’ అనో ఏదో ఒకటే రాస్తారు.

2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లో ఉన్న నిబంధనల ప్రకారం పోలీసులు 48 గంటల్లో తొలి నివేదికను, 90 రోజుల్లో సమగ్ర నివేదికను పరిహారం తేల్చే ట్రిబ్యునల్‌కు పంపాలి. ఆ వ్యవధిలోనే మేస్త్రీ వాంగ్మూలం, పని ఇచ్చిన యజమాని వాంగ్మూలం, బ్యాంకు స్టేట్‌మెంటు, బడి సర్టిఫికెట్ సేకరించి జతచేసేలా నెల్లూరు, ప్రకాశం జిల్లాల ఎస్పీలు స్టేషన్లకు ఆదేశాలివ్వాలి. ఏ ఆధారమూ దొరకని చోట కార్మిక శాఖ ప్రకటించే కనీస వేతనాల పట్టికనైనా రికార్డులోకి తేవాలి.

లోక్ అదాలత్‌లో రాజీపడితే ఇక అప్పీలు ఉండదు. అందుచేత సంతకానికి ముందే ఆదాయం ఎంత తీసుకున్నారో, గుణకం ఎంతో, తీసేసిందెంతో తెలుగులో ఒక కాగితం మీద రాసి ఆ కుటుంబం చేతికివ్వాలని రెండు జిల్లాల న్యాయసేవాధికార సంస్థలను కోరుతున్నాను.

ఇట్లు,
విశ్రాంత బ్యాంకు ఉద్యోగి,
టంగుటూరు, ప్రకాశం జిల్లా.