పూత లేని టవరూ, నీ కడప సైటూ

కర్నూలు,
ఆదివారం పొద్దున

ఒరే ఓబులేసూ,

ఫొటోలు అందినాయి. "యాడిదప్పా ఈ బిల్డింగు? గోడలకు పూత లేదు, రంగు లేదు, పక్కన సన్నటి స్తంభం లాంటిది ఇంకోటి, రెండింటికీ నడుమ వంతెనలు! మన కడప సైట్లో ఐదంతస్తులూ ఇట్లనే లేపితే ప్లాస్టరింగ్ ఖర్చు మిగల్దా?" అని రాసినావే, ఆ ఆఖరి ముక్కకు నవ్వాపుకోలేకపోయినా. పూత లేని కాంక్రీటు చౌక అనే మాట సెంట్రింగ్ మేస్త్రీ ముందర మాత్రం అనొద్దు. ముందు ఆ బిల్డింగు సంగతి చెప్తా, తర్వాత నీ సైటు కాడికి వస్తా.

అది లండన్‌లోని ట్రెలిక్ టవర్. నార్త్ కెన్సింగ్టన్‌లో గోల్‌బోర్న్ రోడ్డు మీద ఉంది. ఎర్నో గోల్డ్‌ఫింగర్ అనే ఆయన డిజైను చేసినాడు. బుడాపెస్ట్‌లో పుట్టి, పారిస్‌లో కాంక్రీటు పనికి పేరుమోసిన ఆగస్ట్ పెరె దగ్గర నేర్చుకొని లండన్ చేరిన మనిషి. 1966లో అక్కడి కౌన్సిల్, అంటే మన మున్సిపాలిటీ లాంటిది, పని అప్పజెప్పింది, 1972లో పూర్తయింది. 31 అంతస్తులు, 98 మీటర్లు, 217 ఫ్లాట్లు. దొరల కోసం కట్టింది కాదు, అద్దెకుండే మామూలు జనం కోసం కౌన్సిల్ కట్టించింది. ఇదే పద్ధతిలో పాప్లర్ పేటలో బాల్‌ఫ్రన్ టవర్ అని ముందే ఒకటి కట్టినాడు. 1968లో భార్యతో సహా అందులో రెండు నెలలు కాపురముండి, ఏం బాగుంది ఏం బాగలేదు అని ఇరుగుపొరుగును అడిగి తెలుసుకున్నాడు. కట్టినోడు తన బిల్డింగులో రెండు నెలలుండడం మన ఊర్లలో చూసినావా?

ఈ రకం కట్టడాల్ని బ్రూటలిజం అంటారు. పేరు విని క్రూరం అనుకోవద్దు. ఫ్రెంచిలో 'బెటన్ బ్రూ' అంటే పచ్చి కాంక్రీటు, మాలు పోసే సెంట్రింగ్ పెట్టె విప్పినాక ఎట్ల వచ్చిందో అట్లనే వదిలేసింది. మా కొండారెడ్డి బురుజుకు ఎవరు పూత పూసినారు? మీ గండికోట గోడకు ఎవరు రంగేసినారు? రాయికైతే ఒప్పుకుంటాం, కాంక్రీటైతే మాత్రం "పాపం, డబ్బులు చాలక ఆపేసినాడు" అంటారు. నీ ఫ్లాట్లు కొనేవాళ్ళూ అదే అంటారు, ఆ మాటకు తయారుగా ఉండు.

ఇక ఆ పక్కనున్న సన్నటి టవరు. లిఫ్టులు, మెట్లు, చెత్త జారవిడిచే గొట్టాలు అన్నీ అందులోనే. దాని నెత్తిన ముందుకు పొడుచుకొచ్చిన పెట్టెలో బాయిలర్లు, వేడినీళ్ళ ట్యాంకులు పెట్టినారు. నీళ్ళు పైనుంచి దిగుతాయి కాబట్టి పంపులు తక్కువ, పైపులూ తక్కువ. మన మిద్దె మీది ట్యాంకు లెక్కే, కాకపోతే వేడినీళ్ళది. అయితే ఆ బాయిలర్లు నూనెతో నడిచేవి. బిల్డింగు తెరిచిన మరుసటేడే, 1973లో చమురు సంక్షోభం వచ్చి అవి గిట్టుబాటు కాకుండా పోయినాయి.

లిఫ్టు మోటారు శబ్దం, చెత్త పడే శబ్దం పడకగదిలోకి రాకూడదనే ఇదంతా విడగొట్టినాడు. వంతెనలు కలిసే చోట కూడా గట్టిగా బిగించలేదు, నియోప్రీన్ అనే రబ్బరు మెత్తల మీద ఆనించినాడు. వేర్వేరు బరువులున్న రెండు కట్టడాలు ఒకే తీరుగా కుంగవు, ఎండకూ చలికీ ఒకే తీరుగా సాగవు. బిగిస్తే ఆ అతుకు కాడనే పగుళ్ళు పడతాయి, లిఫ్టు అదురు కూడా నేరుగా ఇండ్లలోకి పోతాది. ఇది నువ్వు తీసుకోదగిన పాఠమే. వేరే టవరు అక్కరలేదు గానీ, లిఫ్టు గోడకు పడకగది తగిలించొద్దు. అటుపక్క బాత్రూమో సామాను గదో రానీ.

వంతెనలు ప్రతి మూడో అంతస్తులోనే ఎందుకున్నాయో గమనించినావా? వరండా మూడంతస్తులకు ఒకటే. లిఫ్టు ఆ అంతస్తులోనే ఆగుతాది. వరండా నుంచి కొన్ని తలుపులు తెరిస్తే లోపల మెట్లు పైకి పోతాయి, కొన్నిటికి కిందికి దిగుతాయి. పైనా కిందా వరండా లేదు కాబట్టి ఆ ఫ్లాట్లు ఈ గోడ నుంచి ఆ గోడ దాకా పరుచుకుంటాయి. రెండు పక్కలా కిటికీలు, గాలి ఆరపార పోతాది. ఫ్రాన్సులోని మార్సేల్స్‌లో లె కార్బూజియే అనే ఆర్కిటెక్టు 1952లో పూర్తిచేసిన బిల్డింగులోనూ ఈ కిటుకే ఉంది.

నువ్వు ఎగిరి గంతెయ్యకముందే లెక్క చూడు. నీది స్టిల్ట్ మీద, అంటే కింద గోడల్లేకుండా పిల్లర్లే ఉండే అంతస్తు మీద, ఐదంతస్తులు, అంతస్తుకు నాలుగు ఫ్లాట్లు. వరండా 5 అడుగుల వెడల్పు, 60 అడుగుల పొడవు అనుకో, అంతస్తుకు 300 చదరపుటడుగులు, ఐదింటికి 1500. లండన్ పద్ధతిలో రెండో అంతస్తులో ఒకటి, నాలుగులో ఒకటి, రెండు వరండాలు చాలు: 600. మిగిలింది 900. వరండా లేని మూడంతస్తుల్లో 12 ఫ్లాట్లు. ఒక్కోదానికి లోపల మెట్లకు 50 చదరపుటడుగులు పోతే అక్కడికే 600. చివరికి చేతికొచ్చేది 300. దాని కోసం పన్నెండు మెట్లదార్లు కట్టి, మోకాళ్ళ నొప్పుల ముసలోళ్ళను తిప్పి, వాస్తు చూసేవాళ్ళకు సమాధానం చెప్పుకుంటావా? ముప్పై అంతస్తులకు గిట్టుబాటయ్యేది ఐదంతస్తులకు కాదు. దీన్ని వదిలెయ్.

గోడ సంగతి ఇంకా ముఖ్యం. దగ్గరికి పోయి చూస్తే ట్రెలిక్ గోడ నున్నగా ఉండదు, రోలుకు గంట్లు కొట్టినట్టు ఉంటాది. బుష్ హ్యామర్ అని మొనలు మొనలున్న సుత్తి. కాంక్రీటు బాగా గట్టిపడినాక, మూడు నాలుగు వారాలు ఆగి, దాంతో పైపొర కొట్టేస్తారు. కొన్ని మిల్లీమీటర్లు లేచిపోయి లోపలి కంకర కనబడతాది. పెట్టె అతుకుల గీతలు, చిన్నచిన్న బుడగలు, రంగు తేడాలు అన్నీ దాంతో పోతాయి. తొందరపడి వారానికే కొడితే కంకర పగలదు, ఊడొస్తాది. మూల దాకా కొడితే అంచులు విరిగిపోతాయి, అందుకే అంచున ఒకటి రెండంగుళాలు కొట్టకుండా వదలాల. కొట్టే మందం అంతా కవరింగ్‌లోంచే, అంటే కమ్మిని కప్పి ఉండే కాంక్రీటు మందంలోంచే పోతాది కాబట్టి ముందే ఆ మేరకు ఎక్కువ పెట్టుకోవాల. మన వైపు రాతిపని వాళ్ళకు ఈ పని కొత్తేం కాదు, నున్నగా తేల్చడం కంటే నీకు ఇదే తేలికేమో ఆలోచించు.

ఆ కవరింగ్ కాడనే మన సైట్లలో కొంప మునిగేది. కాంక్రీటులో సున్నపు గుణం ఉన్నన్నాళ్ళు లోపలి కమ్మి తుప్పు పట్టదు. గాలిలోని కార్బన్ డయాక్సైడ్ ఏడాదికింత చొప్పున లోపలికి దిగి ఆ గుణాన్ని చంపుతాది. కమ్మి దాకా దిగినాక తడి తగిలితే తుప్పు. తుప్పు కమ్మి కంటే ఎక్కువ చోటు అడుగుతాది, అందుకే లోపలి నుంచి తోసి పెచ్చులూడుతాయి. పూత ఉంటే అది కొంత కాపాడుతాది, నీకు అదీ లేదు. మన దేశపు కాంక్రీటు నియమాల పుస్తకం ఐఎస్ 456 ప్రకారం వానకూ ఎండకూ తెరిచి ఉండే కాంక్రీటుకు కనీసం 30 మిల్లీమీటర్ల కవరింగ్, పిల్లర్లకు 40. మనోళ్ళు కమ్మికీ పెట్టెకూ నడుమ ఎడం కోసం పెట్టే కవర్ బ్లాకులు లేవని కడప బండ ముక్కలు దోపుతారు చూడు, పూత కింద అది ఎవరికీ కనబడదు. నీ పిల్లరు మీద మాత్రం నల్లటి మచ్చై జీవితాంతం నిన్నే చూస్తాంటాది. కాంక్రీటుతోనే పోసిన బ్లాకులు తెప్పించు.

పెట్టెలకు పాత ఇనుప షీట్లు పనికిరావు. ఫిల్మ్ అతికించిన 18 మిల్లీమీటర్ల ప్లైవుడ్ కావాల. అతుకుల్లో ఫోమ్ టేపు పెట్టించు, మూలల్లో మూడు పలకల కర్ర పట్టీ కొట్టించు, లేకుంటే పెట్టె విప్పేటప్పుడే అంచు లేచిపోతాది. బండ్ల నుంచి తీసిన కాలిన ఆయిల్ పూస్తే గోడ నల్లబడతాది. సెంట్రింగ్ ఆయిలే, అదీ గుడ్డతో పల్చగా. ఎక్కువైతే చారలు. సిమెంటు మొదటి పిల్లరు నుంచి ఆఖరుదాకా ఒకే కంపెనీ, ఒకే రకం. మీ ఎర్రగుంట్ల చుట్టూ ఫ్యాక్టరీలే కదా అని ఈ వారం ఒకటి, వచ్చే వారం ఒకటి తెస్తే పిల్లరుకో రంగు తేలుతాది. ఇసుక కూడా అంతే, ఏటి ఇసుకతో మొదలుపెట్టి మధ్యలో క్రషర్ ఇసుకకు మారినావంటే పక్కింటోడు కూడా కనిపెడతాడు.

మాలు బలం ఎం30 అనే రకానికి తగ్గొద్దు. నీళ్ళు సిమెంటు బరువులో 0.45 వంతుకు మించొద్దు, అంటే 50 కిలోల మూటకు 22 లీటర్ల చిల్లర, ఇసుకలో ఉండే తడి కూడా అందులోనే లెక్క. మాలు జారడం లేదని బకెట్టుతో నీళ్ళు పొయ్యబోయే చెయ్యి పట్టుకో. పల్చన కావాలంటే, నీళ్ళు పెంచకుండానే మాలును జారేటట్టు చేసే ప్లాస్టిసైజర్ అనే మందు ఉంది. ఐదడుగుల కంటే ఎత్తునుంచి పోస్తే కంకర ఒకపక్క, జిగట ఒకపక్క పోతాయి. అడుగున్నర చొప్పున పోసుకుంటూ వైబ్రేటర్ నిట్టనిలువుగా దించాల, మెల్లగా పైకి తియ్యాల, పెట్టెకు తగిలించకూడదు. అన్నిటికంటే ఎక్కువగా చెడేది పిల్లరు అడుగు. అడుగున ముందుగా పోసే స్టార్టర్ దిమ్మెకూ పెట్టెకూ నడుమ సందు ఉంటే సిమెంటు పాలు కారిపోయి, అక్కడ కంకర పేలాల ఉండలాగా తేలుతాది. మామూలు సైట్లో దాన్ని మాలుతో పూడ్చి పూత పూస్తారు. నీకు ఆ దారి లేదు, అతుకేసిన మాలు రంగు ఎన్నటికీ కలవదు.

ఎండాకాలం మన సీమలో ఈ పని పెట్టుకోకపోతేనే మేలు. తప్పదంటే తెల్లవారుజామున మొదలుపెట్టి ఎండెక్కేలోపు ముగించు, కంకర కుప్పను నీడలో ఉంచు, నీళ్ళలో ఐసుగడ్డ వెయ్యి. పోసేటప్పుడు మాలు వేడి 40 డిగ్రీలు దాటకూడదు. ఒక పొర మీద ఇంకో పొర పడేలోపు కింది పొర బిగిసిపోతే అడ్డంగా గీత పడి, రేపు వానకు అందులోంచే తేమ దిగుతాది. పెట్టెలన్నీ ఒకే లెక్కన విప్పు. ఒకటి మర్నాడు, ఒకటి నాలుగో రోజు విప్పితే రెండింటికీ రంగు తేడా వస్తాది. తర్వాత కనీసం పది రోజులు తడి ఆరకూడదు. అందరిలాగా గోతం పట్టలు చుట్టి బోరు నీళ్ళు కొడితే, గోతం మరక పసుపుగా, ఉప్పు మరక తెల్లగా రెండూ దిగుతాయి. మంచి నీళ్ళు చల్లి ప్లాస్టిక్ పట్టతో గట్టిగా చుట్టించు.

ఇంకో మాట. పిల్లర్లూ బీములూ పచ్చిగా వదులు గానీ, గోడలు కాంక్రీటువి వద్దు. లండన్‌లో ఎండ కోసం మొహం వాచి ఉంటారు. మనకు పడమటి ఎండకు కాగిన ఆరంగుళాల కాంక్రీటు గోడ రాత్రి పదకొండుకు కూడా వేడి కక్కుతానే ఉంటాది, ఫ్యాను ఆ వేడినే తిప్పుతాది. గోడలు ఇటుకతోనే కట్టు. ట్రెలిక్‌లో ఫ్లాటు ఫ్లాటుకూ లోతైన బాల్కనీ ఉంది, అది మాత్రం కాపీ కొట్టు, పడమటి పక్క నాలుగడుగులకు తగ్గకుండా.

చుట్టుపక్కల ఏముంది అని అడిగినావు కదా. గోల్‌బోర్న్ రోడ్డులో పోర్చుగీసు వాళ్ళ టీ అంగళ్ళు, మొరాకో వాళ్ళ తిండి బండ్లు, పాత కుర్చీలు బల్లల బేరాలు. ఆ రోడ్డు పోయి పోర్టోబెల్లో రోడ్డు సంతలో కలుస్తాది. టవరు పక్కనుంచే కాలవ పోతాది, ఒడ్డున 1976 నుంచి ఆ పేట జనం పెంచుకొచ్చిన మీన్‌వైల్ గార్డెన్స్ అనే తోట. మా ఊర్లో కేసీ కెనాల్ గట్టు ఏ గతిలో ఉందో నీకు తెలుసు, పోలిక ఎందుకులే.

అయితే మొదట్లో ఆ టవరు పేరు చెప్తే జనం జడిసేవాళ్ళు. కాపలా మనిషిని పెట్టమని గోల్డ్‌ఫింగర్ మొత్తుకున్నా కౌన్సిల్ ఖర్చని పెట్టలేదు. 1972 క్రిస్మస్ ముందు ఎవరో 12వ అంతస్తులో మంటలార్పే నీళ్ళ కొళాయి తిప్పేస్తే నీళ్ళు లిఫ్టుల్లోకి దూకి కరెంటు పోయింది. పండగపూట చీకట్లో, చలిలో ఉన్నారు జనం. 1984లో అద్దెకుండేవాళ్ళు సంఘం పెట్టుకొని పోరినాక కాపలా వచ్చింది, గేటు ఫోన్లు వచ్చినాయి, పేరు మారింది. 1998లో సర్కారు రక్షిత కట్టడాల జాబితాలో చేర్చింది. ఆ కాంక్రీటు మొదటి రోజూ అదే, ఇప్పుడూ అదే. నీ బడ్జెట్టులో వాచ్‌మన్ గది గీత కొట్టినావని విన్నా, మళ్ళీ రాసుకో.

ముందువైపు ఎలివేషన్‌కు ఏసీపీ షీట్లు, అంటే రెండు అల్యూమినియం రేకుల నడుమ ప్లాస్టిక్ ఉండేవి, వేస్తానంటివి ఇంతకుముందు. ట్రెలిక్ ఉన్న పేటలోనే గ్రెన్‌ఫెల్ టవర్ అని ఒకటి, 24 అంతస్తులది. 2017 జూన్ 14న బయట తొడిగిన అలాంటి షీట్ల మధ్యలోని ప్లాస్టిక్ అంటుకొని, షీటుకూ గోడకూ నడుమ సందు పొగగొట్టమై మంట పైకి ఎగబాకింది. 72 మంది పోయినారు. షీట్లు వెయ్యనే వద్దు. పచ్చి కాంక్రీటు అంటుకోదు.

కాబట్టి ఇట్ల చెయ్. స్టిల్ట్‌లో రోడ్డు వైపుండే పిల్లర్లు మాత్రం పచ్చిగా వదులు, మిగతాది మామూలుగా పో. పని మొదలుపెట్టకముందే సైటు మూలలో నాలుగడుగుల నమూనా పిల్లరు ఒకటి, అదే ప్లైవుడ్డు, అదే సిమెంటు, అదే మనుషులతో పోయించు. సగానికి బుష్ హ్యామర్ కొట్టించి సగం వదిలేయ్, ఒక వాన తడవనీ. పెట్టె విప్పిన రోజే నాకు ఫొటో పంపు. ముందునుంచి నిలబడి తీసింది కాదు, కూర్చొని, అడుగున స్టార్టర్ కాడ దగ్గరగా తీసింది.

వదినను అడిగినానని చెప్పు.

నీ
మద్దిలేటి