పెట్రోల్ బంకు బోర్డుల్లో లేని జాగ్రత్త

సంపాదకులు గారికి,

ఈ చలికాలం స్వెట్టర్ విప్పుతుంటే చిటపటమనడం, కారు దిగి డోరు ముట్టుకోగానే వేలికి చురుక్కుమనడం అందరికీ తెలిసిందే. గాలిలో తేమ తగ్గితే ఒంటి మీద చేరిన స్థిర విద్యుత్తు త్వరగా పోదు. ఇంట్లో అయితే దానితో భయం లేదు. పెట్రోల్ బంకులో ఉంది.

వేలికి ఆ చురుకు తెలియాలంటే ఒంటి మీద సుమారు 3,000 వోల్టులు ఉండాలి. ఆ రవ్వలో ఉండే శక్తి పెట్రోల్ ఆవిరి అంటుకోవడానికి సరిపోతుంది. పెట్రోల్ సున్నా కింద 40 డిగ్రీల చలిలోనూ మండే ఆవిరి వదులుతుంది, మన హన్మకొండ చలి దానికో లెక్క కాదు.

నర్సంపేట, పరకాల, ములుగు రోడ్ల మీద బంకుల్లో నీళ్ల బాటిళ్లలో, నూనె డబ్బాల్లో పెట్రోల్ పట్టించుకోవడం మామూలైపోయింది. రైతును తప్పు పట్టలేం. స్ప్రేయర్‌ను భుజాన వేసుకుని బంకుకు రాలేడు కదా. కానీ ధారగా పడే పెట్రోల్ రాపిడికే చార్జ్ పుడుతుంది, ప్లాస్టిక్ దాన్ని భూమిలోకి పోనివ్వదు. ఇనుప డబ్బా అయినా ఆటో రెగ్జిన్ సీటు మీద పెట్టి నింపితే అంతే. చార్జ్ డబ్బాలోనే నిలిచి, నాజిల్ దగ్గరికి రాగానే రవ్వగా దూకుతుంది. అందుకే డబ్బాను నేల మీద పెట్టాలి, నాజిల్‌ను మూతికి ఆనించి మెల్లగా పోయించాలి. ట్యాంకర్ వచ్చినప్పుడు ముందుగా ఎర్త్ తీగ తగిలించేదీ ఈ భయంతోనే. ఆ జాగ్రత్త బాటిల్ పట్టుకొచ్చిన మనిషికి ఎందుకు లేదు?

బోర్డులు సిగరెట్ వద్దంటాయి, ఫోన్ వద్దంటాయి. బైక్ దిగి పోయించుకోమని, ట్యాంకు మూత తీసేముందు దూరంగా బండి ఇనుప భాగాన్ని ఒకసారి ముట్టుకోమని తెలుగులో రాసిన బోర్డు మా వైపు నేను చూడలేదు. పొరపాటున మంట లేస్తే నాజిల్‌ను బయటకు లాగొద్దని, దూరంగా జరిగి సిబ్బందితో పంపు ఆపించాలని ఎంతమందికి తెలుసు? మేడారం జాతరప్పుడు జనంతో కిక్కిరిసిన వ్యాన్లలో పెట్రోల్ డబ్బాలు పెట్టుకుని వెళ్లేవాళ్లను చూస్తే నాకు గుండె ఆగినంత పనవుతుంది.

చమురు కంపెనీలు, జిల్లా పౌరసరఫరాల అధికారులు ఈ మాటలు ప్రతి పంపు మీదా పెద్ద అక్షరాలతో రాయించాలి. నీళ్ల బాటిల్‌లో పోయడం పూర్తిగా ఆపించాలి. ఊరికే ఆపితే రైతు కిరాణా కొట్టులో లూజు పెట్రోల్ కొంటాడు, అది ఇంకా ప్రమాదం. కాబట్టి మూత గట్టిగా బిగిసే ఇనుప డబ్బాలను బంకుల్లోనే డిపాజిట్ మీద ఇచ్చి, తిరిగి తెస్తే డబ్బు వాపసు చేసే ఏర్పాటు వచ్చే పత్తి సీజన్‌కైనా మొదలుపెట్టాలి.

- ఒక పాఠకుడు, హన్మకొండ