రమణకు, కణంలోని ధ్రువణాల గురించి

శ్రీకాకుళం

ప్రియమైన రమణా,

నీ ఉత్తరం అందింది. నాడీ వ్యవస్థ పాఠం చెబుతుండగా ఒక అమ్మాయి లేచి, "నాడి దగ్గర పోలరైజేషన్ అన్నారు, ఫిజిక్సు సారు కాంతికి పోలరైజేషన్ అన్నారు, మా అక్క వైద్య పుస్తకంలో తెల్ల రక్తకణాలకూ అదే మాట ఉంది, ఇవన్నీ ఒకటేనా సార్" అని అడిగిందని రాశావు. అంత మంచి ప్రశ్న అడిగే పిల్లలు విజయనగరంలో నీ చేతికింద చదువుతున్నందుకు నాకు ఎంతో సంతోషంగా ఉంది. ఒకటి కావని ఆమెకు నిర్భయంగా చెప్పు. అయితే నాడిలోని విద్యుత్ ధ్రువణం (పోలరైజేషన్), ఆమె అడగని కణ నిర్మాణ ధ్రువణం మాత్రం ఒకదాని మీద ఒకటి ఆధారపడి బతుకుతాయి. అవి కలిసే చోటు మూత్రపిండం. కవిటిలో మూత్రపిండాల జబ్బుతో ఉన్న మీ మావయ్యగారి రక్తంలో పొటాషియం 7 దాకా వెళ్ళిందని, ఈసీజీ తీసి హడావుడి పడ్డారని అదే ఉత్తరంలో రాశావు కనుక, నీ రెండు ప్రశ్నలకూ కలిపి ఇక్కడే జవాబు రాస్తున్నాను.

ముందుగా విద్యుత్తుకు సంబంధించిన ధ్రువణం చూద్దాం. విశ్రాంతిగా ఉన్న నాడీకణం లోపలి వైపు బయటి వైపు కంటే సుమారు 70 మిల్లీవోల్టులు రుణాత్మకంగా ఉంటుందని మనం పాఠంలో చెప్పి ముందుకు వెళ్ళిపోతాం. 70 మిల్లీవోల్టులంటే పిల్లలకు లెక్కలోకి రాని సంఖ్యలాగే కనిపిస్తుంది. కానీ ఆ తేడా నిలబడి ఉన్నది దాదాపు 5 నానోమీటర్ల మందం మాత్రమే ఉన్న కొవ్వు పొరకు అటూ ఇటూ. భాగించి చూడమను, మీటరుకు 1.4 కోట్ల వోల్టులు వస్తుంది. మన ఒంట్లోని ప్రతి నాడీకణం చుట్టూ అంతటి విద్యుత్ క్షేత్రం రాత్రీ పగలూ నిలిచి ఉంటుందన్న సంగతి ఎన్నిసార్లు చెప్పినా నాకు ఆశ్చర్యం తగ్గదు.

ఈ తేడాకు మూలం పొటాషియం. కణం లోపల లీటరుకు సుమారు 140 మిల్లీమోల్‌లు, బయట 4 మాత్రమే. విశ్రాంతిలో త్వచం పొటాషియంను మిగతా అయాన్ల కంటే తేలికగా పోనిస్తుంది కనుక అది బయటకు జారుతూ లోపల రుణావేశాన్ని మిగులుస్తుంది, ఆ రుణావేశమే దాన్ని మళ్ళీ వెనక్కి లాగుతుంది, ఈ రెండూ సరితూగిన చోట వోల్టేజి నిలుస్తుంది. యూలియస్ బెర్న్‌స్టైన్ 1902లోనే ఈ మాట చెప్పాడు. అయాన్ల తేడాను చెదిరిపోకుండా కాపాడే పంపును 1957లో డెన్మార్క్ శాస్త్రవేత్త యెన్స్ స్కౌ పీత కాళ్ళ నరాలలో పట్టుకున్నాడు. అది ఒక్కో విడతకు మూడు సోడియంలను బయటకు తోసి రెండు పొటాషియంలను లోపలికి తెస్తుంది. ఆ పనికి ఆయనకు 40 ఏళ్ళ తరువాత, 1997లో, నోబెల్ వచ్చింది. స్క్విడ్ అనే సముద్రజీవి పెద్ద ఆక్సాన్‌లో (నాడీ తంతువులో) హాడ్జ్‌కిన్, హక్స్‌లీ చేసిన పని మీ పుస్తకంలో ఎలాగూ ఉంటుంది: సోడియం ద్వారాలు తెరుచుకోగానే విధ్రువణం (లోపలి రుణత్వం పోవడం), పొటాషియం బయటకు పోగానే పునర్ధ్రువణం (అది తిరిగి రావడం), ఒక్క క్షణం హద్దు దాటి అతిధ్రువణం (మరింత రుణాత్మకం కావడం). అయితే ఒక నాడీ ప్రచోదనంలో సోడియం, పొటాషియం గాఢతలు తారుమారైపోతాయని పిల్లలు అనుకుంటారు, దాన్ని మాత్రం తప్పకుండా సరిదిద్దు. దాటే అయాన్లు అతి కొద్ది, గాఢతలు దాదాపు ఉన్నచోటనే ఉంటాయి, మారేది వోల్టేజి.

విధ్రువణమంటే ఎప్పుడూ ఉత్తేజమేనని కూడా వాళ్ళు బట్టీపట్టకుండా చూడాలి. కంటిలోని దండ కణాలు చీకట్లో సుమారు మైనస్ 40 మిల్లీవోల్టుల దగ్గర ఉండి, వెలుతురు పడగానే మైనస్ 70 వైపు అతిధ్రువణం చెందుతాయి. మన చూపు ఆ దిశలోనే మొదలవుతుంది.

ఇక మీ మావయ్యగారి సంగతి. గుండె జఠరిక కణాల విశ్రాంతి వోల్టేజి మైనస్ 90కి దగ్గరగా ఉంటుంది, అది దాదాపు పూర్తిగా పొటాషియం మీదే ఆధారపడుతుంది. అయాన్ల గాఢతల నుంచి వోల్టేజిని లెక్కగట్టే నెర్న్‌స్ట్ సూత్రంలో బయటి పొటాషియం 4 అని వేస్తే మైనస్ 95 మిల్లీవోల్టులు వస్తుంది, 7 అని వేస్తే మైనస్ 80 వస్తుంది. ఆ 15 మిల్లీవోల్టులే ప్రాణం మీదికి తెస్తాయి, ఎందుకంటే విశ్రాంతిలో ఉండవలసిన కణం సగం విధ్రువణంలో ఇరుక్కుపోతే సోడియం ద్వారాల్లో చాలా భాగం మూతపడిపోయి, తరువాతి ప్రచోదనానికి పనికిరాకుండా పోతాయి. ప్రచోదనం గుండె అంతటా నెమ్మదిగా, బలహీనంగా పాకుతుంది. ఈసీజీ కాగితం మీద ముందుగా జఠరికలు కోలుకోవడాన్ని చూపే టీ తరంగం సన్నగా, మొనదేలి, నిట్టనిలువుగా లేస్తుంది. తరువాత కర్ణికల ఉత్తేజాన్ని చూపే పీ చదునవుతుంది, జఠరికల ఉత్తేజాన్ని చూపే క్యూఆర్ఎస్ వెడల్పవుతుంది. ఆ రాత్రి ఇచ్చిన కాల్షియం గ్లూకోనేట్ ఇంజెక్షన్ పొటాషియంను ఒక్క పిసరు కూడా తగ్గించదు, గుండె కణాలను మాత్రం కొంతసేపు నిలబెడుతుంది. ఇన్సులిన్‌ను గ్లూకోజుతో కలిపి ఇచ్చేది స్కౌ కనిపెట్టిన ఆ పంపును వేగంగా నడిపి, పొటాషియంను కణాలలోకి పంపడానికి. మూత్రపిండాలు పనిచేయనప్పుడు ఒంట్లోంచి దాన్ని వేగంగా, నమ్మకంగా బయటకు తీసేది డయాలసిస్.

కొబ్బరిబోండాల విషయంలో ఆయనకు నా మాటగా గట్టిగా చెప్పు. కొబ్బరితోటల మధ్య పుట్టి పెరిగిన మనిషిని బోండాం ముట్టవద్దనడం ఎంత కష్టమో నాకు తెలుసు. ఎండపూట ఇంటికి వచ్చినవాళ్ళకు బోండాం కొట్టి ఇవ్వడమే ఉద్దానంలో మర్యాద. కానీ ఒక మోస్తరు బోండాంలోనే అరగ్రాముకు పైగా పొటాషియం ఉంటుంది. ఆరోగ్యంగా ఉన్న మూత్రపిండం దాన్ని సాయంత్రానికి బయటకు పంపేస్తుంది, ఆయనది పంపలేదు. పలాసలో 2023 డిసెంబరులో ప్రారంభమైన కిడ్నీ పరిశోధన కేంద్రం ఉన్నా, మన వాళ్ళను ఇంతకాలంగా తినేస్తున్న ఈ జబ్బుకు మూల కారణం ఇంకా తేలకపోవడం నాకు తీరని బాధ. అది తేలేలోగా మనం చేయగలిగినది ఇలాంటి జాగ్రత్తలే.

ఈసీజీ గురించి నువ్వు అడిగిన రెండో మాట నాకు చాలా ఇష్టమైనది: క్యూఆర్ఎస్ విధ్రువణమైతే, టీ పునర్ధ్రువణమైతే, రెండూ పైకే ఎందుకు లేస్తాయి? విధ్రువణం జఠరిక గోడలో లోపలి పొర నుంచి బయటి పొరకు పాకుతుంది. బయటి పొర కణాలు చివరిగా ఉత్తేజితమైనా, వాటి క్రియాశక్మం (ఉత్తేజంలో వోల్టేజి లేచి దిగడం) పొట్టిది, అందువల్ల ముందుగా కోలుకునేవి అవే. అంటే పునర్ధ్రువణం బయటి నుంచి లోపలికి, ఎదురు దిశలో నడుస్తుంది. ఆవేశం తారుమారు, దిశా తారుమారు, రెండు తారుమారులు కలిసి గీతను మళ్ళీ పైకే లేపుతాయి. కర్ణికల పునర్ధ్రువణం క్యూఆర్ఎస్‌లో కలిసిపోయి మన కంటికి కనబడదు.

రెండో ధ్రువణంలో విద్యుత్తు ప్రస్తావనే లేదు. అక్కడ కణానికి ఒక చివర ఒకలా, ఇంకో చివర ఇంకోలా ఉండటమే ధ్రువణం. మూత్రపిండ నాళికలోని ఉపకళా కణాన్ని తీసుకో. దానికి మన ఊళ్ళలోని ఇళ్ళలాగే వీధి గుమ్మం వేరు, పెరటి గుమ్మం వేరు. మూత్రం వైపు ఉన్న ముఖం మీద కుచ్చులాంటి సూక్ష్మ చూషకాలు, సోడియంతో పాటు గ్లూకోజును లోపలికి తెచ్చే వాహకాలు ఉంటాయి. రక్తం వైపు ముఖం మీద సోడియం–పొటాషియం పంపు ఉంటుంది. పక్క కణంతో బిగుతుగా కుట్టుకున్న సంధులు ఈ రెండు ముఖాల ప్రోటీన్లు ఒకదానిలోకి ఒకటి కలిసిపోకుండా అడ్డుకుంటాయి. రోజుకు సుమారు 180 లీటర్ల ద్రవం వడపోతకు వస్తే, లీటరున్నర మాత్రమే మూత్రమై పోతుందంటే, మిగిలినదంతా ఈ పక్షపాతం గల కణాల వరుస వెనక్కి తెచ్చినదే. పంపు రెండు వైపులా సమానంగా ఉంటే సోడియం ఎటూ కదలక అక్కడక్కడే తిరుగుతూ ఉండేది.

రెండు ధ్రువణాలూ చేతులు కలిపేది ఇక్కడే. పంపు కణం లోపల సోడియంను తగ్గించి, లోపలి వైపును రుణాత్మకంగా ఉంచుతుంది. ఆ విద్యుత్ లాగుడుకు మూత్రం వైపు నుంచి సోడియం లోపలికి వస్తుంది. విద్యుత్ ధ్రువణం బలాన్ని ఇస్తుంది, నిర్మాణ ధ్రువణం ఆ బలానికి దారి చూపిస్తుంది. నాళిక చివరి భాగంలో ఇదే ఏర్పాటు పొటాషియంను బయటకు పంపుతుంది: రక్తం వైపు పంపు దాన్ని కణంలోకి లాగుతుంది, మూత్రం వైపు ద్వారాలు దాన్ని వదిలేస్తాయి, ఆల్డోస్టిరోన్ అనే హార్మోను ఈ రెండు పనులనూ పెంచుతుంది. రక్తప్రసరణ తగ్గి నాళిక కణాలు దెబ్బతిన్నప్పుడు సంధులు వదులై, పంపులు కొన్ని మూత్రం వైపు ముఖానికి జారిపోతాయని ప్రయోగాల్లో చూశారు. కణం చావకముందే దాని దిక్కు తప్పుతుందన్నమాట. మీ మావయ్యగారిది ఏళ్ళ తరబడి నెఫ్రాన్లు ఒక్కొక్కటిగా రాలిపోయిన జబ్బు, కారణం వేరు, కానీ ఫలితం ఒకటే. పొటాషియంను ఒక దిశలో తోసే కణాలు చాలినన్ని మిగలకపోతే, అది రక్తంలో పేరుకుని, దూరాన ఉన్న గుండె కణాల వోల్టేజిని కదిలిస్తుంది. ఆ అమ్మాయికి ఈ ఒక్క దారి మొదటి నుంచి చివరి దాకా చూపిస్తే, రెండు అర్థాలూ వేరని, అయినా విడిపోలేవని ఆమెకే అర్థమవుతుంది.

పిండంలోని ధ్రువణం కూడా ఈ రెండో రకానికే చెందుతుంది. సీ. ఎలెగాన్స్ అనే చిన్న నులిపురుగు అండంలో శుక్రకణం ప్రవేశించిన వైపు తోక వైపు అవుతుంది. ఆ దిక్కును పట్టి ఉంచే పార్ జన్యువులను 1988లో గుర్తించారు, మన నాళిక కణంలో ముఖాలను వేరుచేసే ప్రోటీన్లలోనూ వాటి బంధువులే ఉన్నారు. కోడిపిల్ల రెక్క మొగ్గలో వెనుక అంచు నుంచి కొంత కణజాలం తీసి ముందు అంచున అతికిస్తే, వేళ్ళు అద్దంలో ప్రతిబింబంలా రెండు వరసలుగా వస్తాయని 1968లో సాండర్స్, గాసెలింగ్ చూపించారు. ఆ కణజాలాన్ని ధ్రువీకరణ మండలం అంటారు. అక్కడ ధ్రువణం పొందేది కణం కాదు, మొత్తం అవయవం. దీన్ని ఇంతటితో వదిలేస్తున్నాను.

తెల్లకణాల ధ్రువణం మాత్రం నాకు అంతగా నచ్చని ప్రయోగం. అక్కడ ధ్రువాలంటే వోల్టేజీ కాదు, ముఖాలూ కాదు. ఒకే రకం కణం పరిస్థితిని బట్టి రెండు స్వభావాల్లో ఒకదానివైపు మొగ్గడం. సహాయక టీ కణాల్లో టీహెచ్1, టీహెచ్2 అనే రెండు రకాలను 1986లో మోస్‌మన్, కాఫ్‌మన్ వేరుచేశారు. దీనికి కుష్ఠు వ్యాధిని మించిన ఉదాహరణ లేదు. సాలూరు కుష్ఠు ఆసుపత్రి పేరు విన్న పిల్లలు నీ తరగతిలోనూ ఉంటారు. సూక్ష్మజీవి ఒకటే, కానీ ఒకరిలో టీహెచ్1 వైపు మొగ్గితే మచ్చలు కొద్దిగా ఉండి సూక్ష్మజీవులు అరుదుగా కనిపిస్తాయి, ఇంకొకరిలో టీహెచ్2 వైపు మొగ్గితే చర్మం నిండా సూక్ష్మజీవులు పెరుగుతాయి. ఎక్కువమంది రోగులు ఈ రెండు కొసలకూ మధ్యలోనే ఉంటారు. స్థూలభక్షక కణాలకు 2000లో పెట్టిన ఎం1, ఎం2 పేర్ల సంగతీ ఇంతే. పోరాడేవి ఎం1, గాయం మాన్పేవి ఎం2 అని పుస్తకాలు రాస్తాయి కానీ, నిజమైన కణజాలంలో అవి ఆ రెంటి మధ్య ఎక్కడైనా ఉంటాయి, ఒక చోటి నుంచి ఇంకో చోటికి మారతాయి కూడా. రెండే గడులు గీసి పిల్లల చేత నింపించడం మాత్రం చేయవద్దు.

ఇక ఫిజిక్సు సారు చెప్పిన కాంతి ధ్రువణం. కాంతి తరంగపు కంపనాలు ఒకే తలానికి పరిమితం కావడం పూర్తిగా వేరే సంగతి, కానీ జీవశాస్త్రంలో దానికీ చోటుంది. తేనెటీగ ఆకాశపు నీలిమలోని ఈ ధ్రువణాన్ని చూసి, మబ్బు చాటునున్న సూర్యుడి దిక్కు తెలుసుకుంటుందని కార్ల్ ఫాన్ ఫ్రిష్ 1949లో నిరూపించాడు. కండరంలో మనం చెప్పే ఏ పట్టీ, ఐ పట్టీల పేర్లు కూడా ధ్రువిత కాంతిలో అవి కనిపించే తీరును బట్టి పెట్టినవే: ఏ పట్టీ మెరుస్తుంది, ఐ పట్టీ దాదాపు నల్లగా ఉండిపోతుంది. మూత్రపిండ ముక్కలో అమిలాయిడ్ (పేరుకుపోయే ఒక అసహజ ప్రోటీను) ఉందో లేదో తేల్చడానికి కాంగో రెడ్ రంగు వేసి, ధ్రువిత కాంతిలో పచ్చని మెరుపు కోసం వెదుకుతారు.

ఇది పిల్లలకు చూపించడం తేలిక. ఫిజిక్సు ల్యాబులో పోలరాయిడ్ రేకులు రెండు అడుగు. ఒకటి సూక్ష్మదర్శిని దీపం మీద, ఇంకొకటి కంటికటకం మీద పెట్టి, వెలుగు పూర్తిగా ఆరిపోయేదాకా పై రేకును తిప్పు. బంగాళదుంపను కోసి, కోసిన ముఖాన్ని స్లైడుకు రాసి, ఒక చుక్క నీరు వేసి చూడు. చీకటి మీద ఒక్కో పిండిరేణువూ తెల్లగా వెలుగుతూ, దాని నడుమ నల్లని శిలువ గుర్తు కనిపిస్తుంది. రేకును తిప్పితే ఆ గుర్తు మారుతుంది. ప్రశ్న అడిగిన అమ్మాయినే ముందుగా కూర్చోబెట్టు. ఆమె ఏమందో నాకు రాయి. మావయ్యగారి తరువాతి రక్తపరీక్ష రాగానే పొటాషియం, క్రియాటినిన్ రెండూ పంపించు, ఈసీజీ కాగితం ఫోటో కూడా పంపితే చూస్తాను.

నీ
జగన్నాథం